మూడో పెట్టెలో హస్తవాసి

వైద్యం చదవకుండా వైద్యం చేసినవాళ్ళు మన తరంలో చాలామందే ఉన్నారు గాని, వైద్యం చదవకపోవడం అలా ఉంచి, బిళ్ళ మీద ఉన్న పేరు కూడా చదవకుండా నాలుగేళ్ళపాటు ఒక రైలుపెట్టెడు జనానికి కడుపునొప్పి బిళ్ళలు పంచిపెట్టిన మూర్ఖత్వం మాత్రం బహుశా నా ఒక్కడిదే. గొప్ప చెప్పుకోవడం లేదండి, తప్పు ఒప్పుకుంటున్నాను. అంత జరిగాక కూడా బుద్ధి పూర్తిగా రాలేదని మొన్ననే తేలింది కాబట్టి, ఈ వయసులోనైనా నాలుగు ముక్కలు రాసి పెట్టుకుంటే మంచిదనిపించింది.

మొన్న ఏమయిందంటే, తెనాలిలో మా వీధి మలుపులో కొత్తగా వెలిసిన మందుల షాపుకి వెళ్ళి, పొద్దుటినుంచి పొట్టలో మెలిపెడుతోంది, ఆ నొప్పి తగ్గే బిళ్ళలు రెండివ్వమ్మా అని అడిగాను. కౌంటరు వెనక ఉన్న అమ్మాయి బిళ్ళ తీయలేదు సరికదా, వయసెంత తాతగారూ, కంట్లో చుక్కలేమన్నా వేసుకుంటున్నారా, మూత్రానికి ఇబ్బందేమన్నా ఉందా, జ్వరం గాని వాంతులు గాని ఉన్నాయా, వేరే ఏ మందులు వాడుతున్నారు అని వరసపెట్టింది. ఆ ప్రశ్నలన్నీ నాకు కంఠోపాఠం. వాటిని నేర్చుకోవడానికి నేను కట్టిన రుసుము ఎంతో నాకే తెలుసు. అయినా నొప్పి మనదైతే పాఠం గుర్తుండదు కాబోలు, రెండు బిళ్ళలకి ఇంత పంచాయితీ ఏంటమ్మా అని విసుక్కుని మెట్లు దిగేశాను. నాలుగడుగులు వేశాక కాళ్ళు ముందుకి సాగలేదు. ఇంటికి పోలేక, వెనక్కి వెళ్ళి సిగ్గుపడలేక, ఎండలో అటూ ఇటూ పచార్లు చేస్తూ ఉంటే, నలభై ఏళ్ళ కిందటి రేపల్లె పాసింజరు నా బుర్రలో కూత పెట్టుకుంటూ బయలుదేరింది.

అప్పట్లో మేం పొద్దున తెనాలిలో ఎక్కి రేపల్లెలో దిగి, సాయంత్రం రేపల్లెలో ఎక్కి తెనాలిలో దిగే సీజను టికెట్టువాళ్ళం. ఇంజనునుంచి లెక్కపెడితే మూడో పెట్టె మాది. మాదంటే రైలువాళ్ళు రాసిచ్చారని కాదు, రోజూ అందులోనే కూర్చుని కూర్చుని బల్లలు మా ఒంటి ఆకారానికి అరిగిపోయాయి కాబట్టి మాదనుకునేవాళ్ళం. ఆ పెట్టెలో ఒక్కొక్కరికి ఒక్కొక్క ఉద్యోగం ఉండేది. ఒకాయన జేబురుమాళ్ళు పరిచి చోటు పట్టాలి, ఒకాయన పేపరు కొని పేజీలు విడదీసి తలా ఒకటి పంచాలి, మార్కెట్టు దగ్గర బట్టలకొట్టు నడిపే సాయెబుగారు పేకముక్కలు తేవాలి. వేమూరు దాటేసరికి టిఫిన్ డబ్బాల మూతలన్నీ ఊడి, ఎవరింటి ఉప్మా ఎవరి నోట్లో పడుతోందో తెలియకుండా పోయేది. మాలో ఎవరికీ సొంతమంటూ ఏదీ ఉండేది కాదు, చివరికి కడుపునొప్పులు కూడా.

నేను రేపల్లెలో పశువుల ఆసుపత్రిలో గుమాస్తాని. నా పని రిజిస్టరు రాయడం. ఏ ఊరి గేదె, ఏ రైతుది, ఏం జబ్బు, అంతే. కాని ఆ ఆసుపత్రి ఫినాయిలు వాసన నా చొక్కాకి ఎంత పట్టేసిందంటే, పెట్టెలో నా పక్కన కూర్చున్నవాళ్ళకి నన్ను చూడగానే తమ రోగాలు గుర్తొచ్చేవి. ఈ మంటకి కిరసనాయిలు పోసినవాడు మా బావ. మా అక్క భర్త, పైగా నాకు మేనత్త కొడుకు, రేపల్లెలోనే ఒక సహకార సంఘంలో పనిచేసేవాడు, కాబట్టి ఇంట్లోనూ రైల్లోనూ కూడా నన్ను ఏడిపించే హక్కు పుట్టుకతోనే వచ్చిందనుకునేవాడు. ఒకనాడు ఆయనకి ఆఫీసులో పొట్ట పట్టేసి మెలికలు తిరిగిపోతూ మా ఆసుపత్రికి వచ్చి కూలబడ్డాడు. మా కాంపౌండరు సొంత కడుపునొప్పికని సొరుగులో దాచుకున్న బిళ్ళ ఒకటి తీసి నా చేతికిచ్చాడు, నేను బావ చేతిలో పెట్టాను. అరగంటలో నొప్పి పోయింది. బిళ్ళ చేసిన పని అది. కాని ఆ సాయంత్రం రైల్లో మా బావ చేసిన ప్రచారంలో కాంపౌండరు లేడు, బిళ్ళ లేదు, ఉన్నదల్లా నా చెయ్యే.

"వీడి హస్తవాసి అలాంటిదండీ, ముట్టుకుంటే చాలు" అన్నాడు.

హస్తవాసి అన్న మాటకి మనవాళ్ళు ఎంత విలువిస్తారో మీకు నేను చెప్పక్కర్లేదు. ఫలానా డాక్టరు గొప్పగా చదివాడంటే ఊ అంటారు, హస్తవాసి మంచిదంటే లేచి నిలబడతారు. మర్నాటినుంచి నేను డాక్టరుగారిని. తెనాలి స్టేషను దగ్గర మందుల షాపులో కాంపౌండరు ఇచ్చిన ఖాళీ అట్ట చూపించి అవే బిళ్ళలు అట్టలు అట్టలుగా కొని, జేబులో పెట్టుకునే ఖాళీ పొడుం డబ్బాలో పట్టాలి కాబట్టి కత్తెరతో ఒక్కొక్క బిళ్ళకీ ఒక్కొక్క ముక్కగా కత్తిరించి పోసుకున్నాను. అలా కత్తిరించడంలో మందు పేరు ఒక ముక్కలో సగం, ఇంకో ముక్కలో సగం పడేది, గడువు తేదీ ఏ ముక్కతో ఎటు పోయేదో తెలిసేది కాదు. ఆఫీసులో బిళ్ళబంట్రోతుకి ఒక మెట్టు పైవాణ్ణి, రైలెక్కగానే బిళ్ళల బంట్రోతునయ్యేవాణ్ణి. అడిగినవాళ్ళకల్లా ఒకటి, గట్టిగా అడిగినవాళ్ళకి రెండు.

ఆ మందు తన గుణాలు నాకు దాచలేదండి, పాపం. నాలుగేళ్ళూ నాకు చెబుతూనే ఉంది, నేనే వినలేదు. బిళ్ళ వేసుకున్నాక నోరెండిపోతోందని ఒకాయన అంటే ఎండలు ముదిరాయి కదండీ అన్నాను. అక్షరాలు మసకమసకగా కనిపిస్తున్నాయని పేపరాయన అంటే ఈ మధ్య అచ్చు బాగుండడం లేదన్నాను. రెండు రోజులుగా విరేచనం కాలేదంటే అరటిపండు తినమన్నాను. గుండె దడదడలాడుతోందంటే, చేతిలో ముక్కలు అలాంటివి పడ్డాయేమో చూసుకోమన్నాను. ఇక నిద్ర సంగతి చెప్పనే అక్కర్లేదు. రేపల్లె ఆఖరి స్టేషను కాబట్టి సరిపోయింది గాని, రైలు ఇంకా ముందుకు పోయేదైతే నా రోగులు సముద్రం ఒడ్డున దిగేవాళ్ళు.

ఇలా సాగుతూ ఉండగా మా పెట్టెలోకి మాస్టారు వచ్చారు. చాలా ఏళ్ళు లూథరన్ మిషను బడిలో హెడ్‌మాస్టరుగా చేసి రిటైరై, ఊరికే కూర్చోవడం చేతకాక రేపల్లెలో ఒక ట్యుటోరియల్ కాలేజీలో లెక్కలు చెప్పడానికి రోజూ వచ్చేవారు. డెబ్బైకి దగ్గరపడిన మనిషి, తెల్లటి పంచె, చేతిలో గొడుగు, సంచిలో బైబిలూ లెక్కల పుస్తకమూ. పేకాట దగ్గరికి రారు గాని, ఎవరు మోసం చేస్తున్నారో దూరంనుంచే లెక్కగట్టి చెప్పేవారు. నన్ను డాక్టరుగారు అని పిలవని ఒకే ఒక్క మనిషి ఆయన. అబ్బాయ్ అనేవారు. నాకు కొంచెం కష్టంగానే ఉండేది, ఎప్పటికైనా ఆయన నోట కూడా ఆ మాట వినాలని లోపల లోపల కోరిక.

ఆ రోజు వచ్చింది. శీతాకాలం, మాస్టారికి నాలుగు రోజులుగా జలుబు. ఇంటిదగ్గర జలుబు బిళ్ళ వేసుకునే రైలెక్కారట. భట్టిప్రోలు దగ్గరికి వచ్చేసరికి, తెనాలి స్టేషనులో తిన్న బజ్జీలు తిరగబెట్టాయో ఏమో, పొట్ట పట్టుకుని ముందుకి వంగిపోయారు. నేను పొడుం డబ్బా తీశాను. వేరే మందులేమన్నా వేసుకున్నారా అని అడగలేదు. ఈ వయసులో మూత్రం సాఫీగా వస్తోందా అని అడగలేదు. ఒక పెద్దమనిషిని అలాంటివి అడగడం అమర్యాద అని మన పెంపకం. మాట రానివ్వని ఆ మర్యాద మనిషి ప్రాణం మీదికి తెస్తుందని అప్పటికి తెలియదు. ఆయన బిళ్ళ మింగి, రేపల్లెలో దిగేటప్పుడు నొప్పి తగ్గిందని నా భుజం తట్టారు. ఆ తట్టుకి నేను ఆఫీసుదాకా నేలమీద నడవలేదు.

మధ్యాహ్నం ఆయనే మా ఆసుపత్రికి నడుచుకుంటూ వచ్చారు. నోరు పిడచకట్టుకుపోతోంది అబ్బాయ్, పొట్ట మళ్ళీ బిగిసింది, ఈసారి కిందివైపు అన్నారు. నొప్పి కిందికి దిగిందంటే పోయే దారిలో ఉందన్నమాట అని నా వైద్యశాస్త్రం. రెండో బిళ్ళ ఇచ్చి, మంచినీళ్ళు బాగా తాగమన్నాను. బాగా తాగారు పాపం, చెంబుడు.

సాయంత్రం రైల్లో ఆయన కూర్చోలేదు. లేస్తారు, తలుపుదాకా వెళ్తారు, మరుగుదొడ్లోకి వెళ్తారు, వెంటనే బయటికి వస్తారు, మళ్ళీ వెళ్తారు. విరేచనాలు పట్టుకున్నాయనుకుని నేను మూడో బిళ్ళ ఇచ్చాను. మా బావ పేకముక్కల మీదనుంచి తలెత్తకుండానే, "ఏంటి మాస్టారూ, అందులో కూడా ట్యూషను చెబుతున్నారా?" అన్నాడు. అందరూ నవ్వారు, నేను కూడా నవ్వానని ఒప్పుకోవాలి. మాస్టారు నవ్వలేదు, కోప్పడలేదు. ఎర్రబడిన మొహంతో మా బల్ల ముందు నిలబడి, సంచిలోంచి లెక్కల పుస్తకం తీసి తెరిచి, కంటికి దగ్గరగా పెట్టుకుని, దూరంగా పెట్టుకుని, హాజరు పిలవడం మొదలుపెట్టారు. ఒకటో నంబరు. రెండో నంబరు. మాస్టారు తమాషా చేస్తున్నారనుకుని సాయెబుగారు ప్రెజెంట్ సార్ అన్నారు, పేపరాయన ప్రెజెంట్ సార్ అన్నాడు. పెట్టెంతా గొల్లుమంటూ ఆరో నంబరుదాకా వచ్చింది.

"ఏడో నంబరు" అన్నారు మాస్టారు.

మా బావ ప్రెజెంట్ సార్ అన్నాడు. ఆయన వినిపించుకోలేదు. "ఏడో నంబరు. ఏడో నంబరు ఎక్కడండీ? ఇందాకటిదాకా ఇక్కడే ఉన్నాడు కదండీ" అంటూ బల్లల కింద వెతకడం మొదలుపెట్టారు. నవ్వులు ఒక్కొక్కటే ఆగిపోయాయి. అప్పుడు నా చొక్కా జేబులో పొడుం డబ్బా గుండెకి ఆనుకుని ఎంత బరువుగా ఉందో నాకు మొదటిసారి తెలిసింది.

తెనాలిలో దించి, రిక్షాలో ఆసుపత్రికి తీసుకెళ్ళాం. అక్కడున్న డాక్టరమ్మగారు మాస్టారి పొట్ట మీద చెయ్యి వేసి, తీసేసి, కింది పొట్ట కుండలా ఉబ్బి ఉందని మాకు చూపించారు. ఇది కడుపునొప్పి కాదు, పొద్దుటినుంచి మూత్రం బిగుసుకుపోయింది అన్నారు. గొట్టం వేశారు. అంతసేపూ పట్టుకున్న నొప్పి అలా వదిలిపోతుంటే ఆ పెద్దాయన కళ్ళవెంట నీళ్ళు కారాయి. అప్పుడు డాక్టరమ్మగారు మావైపు తిరిగి, ఏం మందు ఇచ్చారు, ఎవరిచ్చారు అని అడిగారు.

మా బావ క్షణం కూడా ఆలోచించలేదు. "ఈయనేనండి, మా డాక్టరుగారు."

"ఎక్కడండీ ప్రాక్టీసు?"

"రేపల్లెలోనండి. పశువుల ఆసుపత్రిలోనండి." గొంతు తడారిపోయింది నాకు, ఏ బిళ్ళా వేసుకోకుండానే. "గుమాస్తానండి."

ఆవిడ తిట్టి ఉంటే బాగుండేది. తిట్టలేదు. పొడుం డబ్బా మూత తీసి ముక్కలన్నీ బల్లమీద పోసి, మందు పేరు చదవండి అన్నారు. ఒక ముక్కలో మూడు అక్షరాలు, ఒక ముక్కలో రెండు, ఒక ముక్కలో ఏమీ లేదు. నేను చదవలేకపోయాను. అప్పుడు, బడిపిల్లవాడికి చెప్పినట్టు నెమ్మదిగా చెప్పారు. పేగుల పట్టు వదిలించే మందు పేగుల దగ్గరే ఆగిపోదు, ఒళ్ళంతా తిరుగుతుంది. నోరెండగొడుతుంది, కళ్ళు మసకబారుస్తుంది, మూత్రసంచి బిగువునీ సడలిస్తుంది. వయసు మీదపడి మూత్రం దారి ఇరుకైన మగవాళ్ళలో ఆ కాస్త సడలింపే మొత్తం ఆపేస్తుంది. జలుబు బిళ్ళల్లో చాలావాటికి కూడా ఇవే గుణాలుంటాయి, రెండూ కలిస్తే ఒకదానికొకటి తోడు. పెద్దవాళ్ళకి మతి కూడా తప్పుతుంది. కంట్లో ఒత్తిడి ఉన్నవాళ్ళకిస్తే చూపే పోవచ్చు. ఎండల్లో చెమట పట్టనివ్వదు. అసలు నొప్పి ఎందుకొచ్చిందో తెలియకుండా నొప్పిని జోకొడితే, లోపల పేగు చీము పట్టినా, ఎక్కడన్నా అడ్డుపడినా బయటికి తెలియదు. ఒకే చోట నిలబడిపోయిన నొప్పికి, జ్వరంతోనో వాంతులతోనో వచ్చిన నొప్పికి, పొట్ట గట్టిపడిన నొప్పికి బిళ్ళ కాదు, డాక్టరు కావాలి. ఇదేమీ విషం కాదు, అడిగి ఇస్తే మంచి మందే అన్నారు ఆఖరున. ఆ అడిగి అన్న మాటే నాలో ఉండిపోయింది.

మూడు రోజుల తరవాత గొట్టం తీస్తాం, అప్పుడు తనంతట తను వస్తే సరే, రాకపోతే ఆపరేషనే అన్నారు. మాస్టారికి కత్తి అంటే భయం. గుండె కూడా అంత గట్టిది కాదని ఆయన కోడలు చెప్పింది. ఆ మూడు రోజులూ నాకు కూర్చుంటే కుదురు లేదు, నిలబడితే నిలకడ లేదు. పొద్దున రైలెక్కే ముందు ఆసుపత్రికి, సాయంత్రం రైలు దిగగానే ఆసుపత్రికి. ఆఫీసులో రిజిస్టరులో గేదె పేరు రాయాల్సిన చోట మాస్టారి పేరు రాసి కొట్టేశాను. మర్నాడు సాయంత్రానికే ఆయనకి మతి కుదుటపడింది, నా వల్లనే ఇదంతా అని తెలిసింది, అయినా నన్ను చూసి అన్నం తిన్నావా అబ్బాయ్ అని అడిగారు. ఇంతకీ ఆ ఏడో నంబరు ఎవరు సార్ అని నేనడిగితే, ఏ ఏడో నంబరు అన్నారు. ఆయనకేమీ గుర్తులేదు. మర్చిపోలేనిదల్లా నాకే.

నాలుగో రోజు పొద్దున నేను ఆసుపత్రి గుమ్మంలోకి అడుగుపెట్టేసరికి, ఆయన కోడలు వరండా చివరనుంచి చెంగు ఎగ్గట్టుకుని పరిగెత్తుకుంటూ వచ్చి, వచ్చిందండీ, వచ్చిందండీ అని కేకపెట్టింది. పురుడుపోసుకున్న ఇంట్లో మగపిల్లాడా ఆడపిల్లా అని అడిగినట్టు, వరండాలో ఉన్నవాళ్ళంతా ఏం వచ్చింది, ఏం వచ్చింది అని మూగారు. చెప్పడానికి ఆవిడకి సిగ్గు, వినడానికి నాకు ఏడుపు. ఆ పూటే పొడుం డబ్బా తీసుకెళ్ళి డాక్టరమ్మగారి బల్లమీద పెట్టి వచ్చేశాను. మాస్టారు మళ్ళీ రైలెక్కారు, ఇంకా ఎనిమిదేళ్ళు లెక్కలు చెప్పారు, నన్ను ఆఖరిదాకా అబ్బాయ్ అనే పిలిచారు. ఆ పిలుపులో నాకు కష్టమనిపించింది ఏమిటో మళ్ళీ ఎన్నడూ గుర్తు రాలేదు.

కాని మా బావకి మాత్రం ఇదంతా దేవుడు పంపిన కథ. ఏ పెళ్ళిలో నలుగురు కూడినా, ఏ కర్మకాండలో ఇద్దరు మిగిలినా మొదలుపెట్టేవాడు. మొదటి పదేళ్ళలో మూడు బిళ్ళలు ఆరయ్యాయి, తరవాత డజనయ్యాయి, ఆ పైన అవి అసలు మనుషుల బిళ్ళలే కావు, చెరుకుపల్లి రైతు ఎవరో గేదెకని తీసుకెళ్తుంటే వీడు లాక్కుని మాస్టారికి మింగించాడు అనేదాకా వచ్చింది. హస్తవాసి పుట్టించింది తనే అన్న ముక్క మాత్రం ఏ కథలోనూ ఉండేది కాదు. నేను నలభై ఏళ్ళపాటు నవ్వుతూనే విన్నాను, ఎందుకంటే కథలో తప్పులెన్ని ఉన్నా తప్పు మాత్రం నాదే కదా.

పోయిన ఏడాది బాపట్లలో వాళ్ళింట్లో మనవరాలి నిశ్చితార్థం. కాబోయే పెళ్ళికొడుకు, వాళ్ళవాళ్ళు పాతికమంది, హాలు నిండా కుర్చీలు. భోజనాలకి ముందే బావ గేదె బిళ్ళల కథ కొత్తవాళ్ళకి వినిపించాడు. అందరూ నన్ను చూసి నవ్వారు. భోజనాలయ్యాక కాసేపటికి ఆయనకే పొట్ట పట్టేసింది. సోఫాలో ముడుచుకుపోయి, "ఒరేయ్ డాక్టరూ, కడుపునొప్పి బిళ్ళ ఏమన్నా ఉంటే పడెయ్యరా, కాసేపట్లో వీళ్ళు వెళ్ళిపోతారు, లేచి నిలబడాలి" అన్నాడు. పక్కనే కూర్చున్న వియ్యంకుడు తన జేబులోంచి ఒక బిళ్ళ తీసి, మంచి మందండీ, నేను వేసుకుంటుంటాను అని చాచాడు. నేను ఆ చేతిని మెల్లగా వెనక్కి పెట్టి, కుర్చీ లాక్కుని బావ ఎదురుగా కూర్చున్నాను. ఆయనకి సరిగా వినిపించదు కాబట్టి గొంతు పెంచక తప్పలేదు, తప్పలేదనే చెబుతాను.

"బావా, కంట్లో చుక్కలు వేసుకుంటున్నావా?"

"నెమ్మదిగా అడగరా."

"రెండు కళ్ళలోనూ వేసుకుంటున్నారు, మూడేళ్ళనుంచి" అంది అక్క వంటింటి గుమ్మంలోంచి.

"మూత్రం సాఫీగా వస్తోందా? ధార ఎలా ఉంది?"

"ఛీ నోర్ముయ్, ఆడవాళ్ళున్నారు!"

"ధారా పాడా, అరగంట నిలబడాలి. రాత్రిపూట నాలుగుసార్లు లేస్తారు, లేచినప్పుడల్లా నన్నూ లేపుతారు" అంది అక్క. వియ్యపురాలు పమిట నోటికి అడ్డం పెట్టుకుంది. పెళ్ళికొడుకు పైకప్పు వంక చూశాడు. విరేచనం సంగతి కూడా ఆ హాల్లోనే తేలాక, కారులో ఎక్కించుకుని బాపట్లలోనే తెలిసిన డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళాను. ఆయన కూడా అవే ప్రశ్నలు వేశారు. ఈ కళ్ళతో, ఈ ఇబ్బందితో ఆ బిళ్ళ మింగకపోవడం అదృష్టమండీ అన్నారు. పరీక్ష చేయిస్తే పిత్తాశయంలో రాళ్ళని తేలింది, దానికి వేరే వైద్యం జరిగింది, బావ కులాసాగా ఉన్నాడు. ఆ రోజు తిరిగొచ్చేటప్పుడు కారులో, మాస్టారిని కూడా ఇలాగే అడిగి ఉంటే బాగుండేది కదరా అన్నాడు. బాగుండేది బావా అన్నాను. నలభై ఏళ్ళలో ఆ కథ మేమిద్దరం నవ్వకుండా చెప్పుకున్నది ఆ ఒక్కసారే.

మొన్న ఎండలో ఇదంతా గుర్తొచ్చాక, వెనక్కి వెళ్ళి ఆ షాపు అమ్మాయి అడిగినవాటన్నిటికీ తలవంచుకుని వరసగా జవాబు చెప్పాను. ఇప్పటికీ అప్పుడప్పుడు రేపల్లె రైలెక్కుతుంటాను. పెట్టెలో ఎవరి ఫోను వాళ్ళది, ఎవరి డబ్బా వాళ్ళది, ఎవరి నొప్పి వాళ్ళది. పక్కవాడు పొట్ట పట్టుకుని వంగిపోయినా ఎవరూ బిళ్ళ ఇవ్వరు. అది మంచిదే, నాలాంటివాడి చేతిలో పడకుండా బతికిపోతాడు. కాని ఏంటండీ అలా ఉన్నారు అని అడిగేవాళ్ళు కూడా లేరు. మేం అడగకుండా ఇచ్చాం, వీళ్ళు ఇవ్వకపోతే పోయె, అడగను కూడా అడగరు. ఈ రెండింటిలో ఏది ఎక్కువ ప్రమాదమో తేల్చుకోలేక, కుదురుగా కూర్చోలేక, వేమూరు రాకుండానే లేచి తలుపు దగ్గర నిలబడుతుంటాను.

గేదె బిళ్ళల కథ మాత్రం ఆగిపోయింది. ఇప్పుడు మా కుటుంబంలో నలుగురు కూడితే మా అక్క నిశ్చితార్థం కథ చెబుతోంది, పాపం ఉన్నది ఉన్నట్టుగా, రాత్రికి నాలుగుసార్లు లేస్తారు అన్నాను అని. నేను పక్కనే కూర్చుని, నాలుగు కాదక్కా, ఆ రోజు నువ్వు ఎనిమిదన్నావు, అందరూ విన్నారు అని దిద్దుతుంటాను. వచ్చే పెళ్ళినాటికి పన్నెండు చేద్దామని ఉంది.